ఇత్తడి రేకు మీద ఇంటిపేరు

మా బాబాయి మీ పేరు అడిగితే చెప్పకండి. చెప్పారో, ఆ పేరు ఎక్కడ పుట్టింది, దాన్ని మీ ముత్తాత తాతకి ఎవరు తగిలించారు, ఎందుకు తగిలించారు, అంతా వినేదాకా మిమ్మల్ని కదలనివ్వడు. పేరు ఎంత పొట్టిదైతే కథ అంత పొడుగు. రెండక్షరాల ఇంటిపేరున్నవాళ్ళు మా వీధిలోకి రావాలంటే ఆ పూటకి వేరే పని పెట్టుకోకూడదు.

ఆయన పని ఇత్తడి నేమ్ ప్లేట్లు చెక్కడం. మేము ఉండేది పై అంతస్తు, ఆయన దుకాణం కింద. సుద్దముక్కతో అక్షరాలు గీస్తాడు, ఉలితో చెక్కుతాడు, గాడిలో నల్లరంగు నింపి గుడ్డతో తుడుస్తాడు. ఈ మూడు పనుల మధ్యా నోరు మాత్రం ఆగదు. వీధంతా ఆయన్ని అర్థాలాయన అంటుంది.

"పొడుగు పేర్లు కొత్త చెప్పులమ్మా, కిర్రుకిర్రుమంటాయి. పొట్టి పేరంటే తరతరాలు పిలిచి పిలిచి అరగదీసింది. దాని దర్జా వేరు," అనేవాడు.

ఒకసారి గడియారాలు బాగుచేసే ఆయన వచ్చాడు.

"ఇంటిపేరు?" అన్నాడు బాబాయి.

"అదెందుకులెండి. పొడి అక్షరం ఒకటి వేసేయండి."

"చెప్పకూడనిదా?"

"కాకి అండీ," అన్నాడాయన నేల చూపులు చూస్తూ.

బాబాయి ఉలి కింద పెట్టాడు. కళ్ళజోడు తీశాడు. లేచి నిలబడ్డాడు. "కాకి వారా! ఇన్నాళ్ళు ఎక్కడున్నారండీ? తెల్లవారుజామున వరదొస్తే, మేడ మీదికెక్కి గొంతు చించుకుని అరిచి ఊరందరినీ లేపింది మీ ముత్తాత కాదూ? ఆ గొంతు వల్లే కదా ఆ పేరొచ్చింది!"

"మా ముత్తాత పుట్టు మూగండీ."

నేనైతే బల్ల కింద దూరేదాన్ని. బాబాయి రెప్ప కూడా వేయలేదు. "అందుకే కదండీ ఊరు అంతగా చెప్పుకుంది!" అన్నాడు.

ఇలాంటివి విని అందరూ నవ్వుకునేవారు. నాకు మాత్రం తల కొట్టేసినట్టుండేది. ఎందుకంటే నా ఉద్యోగం నిఘంటువు ఆఫీసులో. ఏ మాట ఎక్కడ పుట్టిందో వెతికి, ఆధారం చూపించి, కార్డు మీద రాసి సొరుగులో పెట్టడం నా పని. ఆధారం లేని మాట అక్కడ ఒక్కటి రాసినా ముక్కచివాట్లు పెడతారు. అలాంటిదాన్ని, అబద్ధాల పుట్ట నెత్తిన కాపురం ఉంటున్నాను.

పరువు పూర్తిగా పోయింది మాత్రం మా పెద్ద సంపాదకుడి వల్ల. ఆయన గదికి ఇత్తడి ప్లేటు చేయిద్దామని మా వాళ్ళు తీర్మానించారు. నేను ఎన్ని వంకలు పెట్టినా వినకుండా ఆయన్ని వెంటబెట్టుకుని మూకుమ్మడిగా దిగారు. ఆయన ఇంటిపేరు పిల్లి. సంతకంలో కూడా ఆ పేరు బయటపడనివ్వని మనిషి. బాబాయి అలవాటు ప్రకారం లేచి నిలబడ్డాడు.

"రాజుగారి ధాన్యం కొట్టుకి మూడు తరాలు కాపలా కాసిన వంశం! ఒక్క గింజ ఎలకల పాలు కానివ్వలేదు!"

"దీనికి ఆధారం?" అన్నాడు నా పక్క సీటు అతను, నవ్వు బిగబట్టి.

"ఉండేదండీ. గింజలు దొరక్క ఆ ఎలకలు కాగితాలు తిన్నాయి."

మర్నాడు నేను ఆఫీసులో అడుగుపెట్టగానే మూడు మూలల నుంచి మ్యావ్ అన్నారు. ఏ కార్డు చూపించినా, "ఇది నిజమేనా, మీ బాబాయి చెప్పాడా?" అన్నారు. సిగ్గుతో చెవులు కాలిపోయాయి. ఇక మీదట ఈయన నోటికి నేనే అడ్డుపడాలని ఆ పూటే నిశ్చయించుకున్నాను.

ఆ వారమే ఒకావిడ వచ్చింది. పెద్దాసుపత్రిలో హెడ్ నర్సుగా కొత్తగా పదవి వచ్చిందట. టేబుల్ మీద పెట్టుకోవడానికి ప్లేటు కావాలి. పాతికేళ్ళ సర్వీసులో మొదటి ప్లేటు.

"పొడి అక్షరం చాలండీ," అంది.

బాబాయి బతిమాలి బామాలి ఇంటిపేరు చెప్పించాడు. రెండక్షరాలు. ఆ రెండూ ఇక్కడ రాయను. రాస్తే ఆ రోజు చేసిన తప్పే మళ్ళీ చేసినదాన్నవుతాను.

బాబాయి లేచాడు, కళ్ళజోడు తీశాడు. వరద వచ్చింది. తాడు పట్టుకుని నీళ్ళలో నిలబడిన ఒక పూర్వీకురాలు వచ్చింది. వింటున్న నర్సుగారి మొహం వెలిగిపోతోంది. "అయితే మొత్తం వేసేయండి బాబాయిగారూ," అంది. బాబాయి సుద్దముక్క తీసుకుని రేకు మీద ఆ రెండక్షరాలూ పెద్దగా గీశాడు.

ఇదంతా మెట్ల మీద నుంచి చూస్తున్న నేను సరిగ్గా అప్పుడు కిందికి దిగాను.

"అది కాదు బాబాయ్. ఆ మాటకి అర్థం అది కాదు," అన్నాను. అక్కడితో ఆగినా బాగుండేది. ఆగలేదు. అసలు అర్థం చెప్పాను. ఏ కాలంలో, ఎవరిని, ఏ సందర్భంలో అలా వెక్కిరించేవారో, పుటల సంఖ్యలతో సహా చెప్పాను. చెబుతుంటే నాకు ఎంత హాయిగా ఉందో తలుచుకుంటే ఇప్పటికీ నా మొహం నేను అద్దంలో చూసుకోలేను.

"నాకు తెలుసమ్మా," అంది ఆవిడ మెల్లగా. "స్కూల్లో చెప్పేవారు." తర్వాత బాబాయి వైపు తిరిగి, "పొడి అక్షరమే వేయండి," అని సంచి తీసుకుని వెళ్ళిపోయింది.

బాబాయి తడిగుడ్డ తీసుకుని రేకు మీది సుద్ద గీతలు తుడిచాడు. ఏమీ అనలేదు. ఆయన ఏమీ అనకపోవడం నేను పుట్టి బుద్ధెరిగాక అదే మొదటిసారి.

"తప్పు చెబుతుంటే ఎలా ఊరుకోను బాబాయ్?"

"ఆ అర్థం నాకు తెలీదనుకున్నావా అమ్మా? ఆవిడ నాన్నక్కూడా నేనే చెక్కాను. ఆయనా పొడి అక్షరమే వేయించుకుని తల దించుకుని వెళ్ళాడు. అప్పటికి నాకు కథలు చెప్పడం చేతకాదు."

బాబాయి గుడ్డ పక్కన పడేసి ఉలి చేతిలోకి తీసుకున్నాడు.

"పులి అనీ, కోట అనీ ఇంటిపేరున్నవాళ్ళు ఎంతమంది రాలేదు? వాళ్ళకి ఎప్పుడైనా కథ చెప్పానా?"

ఆలోచించాను. అవీ రెండక్షరాల పేర్లే. అయినా లేదు. మొన్న పులి వారి లాయరుగారు వస్తే ముక్తసరిగా కొలతలు తీసుకుని పంపించేశాడు. గడియారాలాయన దుకాణం మీద ఇప్పుడు కాకి అని జానెడు అక్షరాలున్నాయి. మా సంపాదకుడు ఆ మర్నాటి నుంచీ ఇంటిపేరు పూర్తిగా రాసి సంతకం పెడుతున్నాడు. రోజూ ఆ సంతకం చూస్తూ కూడా నాకు మ్యావ్ అన్నవాళ్ళే గుర్తున్నారు. పెద్ద చదువులు చదివిన బుర్ర!

"మరి మన ఇంటిపేరు బాబాయ్?"

ఆయన హఠాత్తుగా చేతిలో ఉన్న ఉలిని వెతకడం మొదలుపెట్టాడు. "వంటవేళయింది, పైకి వెళ్ళు."

పదేళ్ళప్పుడు, మా ఇంటిపేరు పలికే తీరుకి క్లాసంతా నవ్విందని ఏడుస్తూ వచ్చాను. ఊళ్ళో ఏ పొయ్యీ ఆరిపోకుండా నిప్పు కాపాడిన వంశం మనదని ఆయన నన్ను బల్ల మీద కూర్చోబెట్టి చెప్పాడు. ఆ కథ విన్నాకే మాటల మీద నాకు పిచ్చి పట్టింది, ఈ ఉద్యోగం దాకా వచ్చింది. ఆఫీసులో ఊరందరి ఇంటిపేర్లూ వెతికాను. మాది వెతకలేదు. తెలిసినదాన్ని ఎవరు వెతుకుతారు?

మర్నాడు పొద్దున్నే వెళ్ళి సొరుగు లాగాను. కుండకి అడుగంటిన మాడు, అని ఉంది. మూడు ఆధారాలతో సహా.

ఆ కార్డు పట్టుకుని తిన్నగా ఆసుపత్రికి వెళ్ళాను. ఆవిడ వార్డు పక్క గదిలో రోగుల చార్టులు సర్దుతోంది. నన్ను చూడగానే మొహం బిగుసుకుంది. నిన్నటి మాటకి క్షమించమని అడిగి, కార్డు ముందు పెట్టాను.

"ఇది మా ఇంటిపేరండీ."

ఆవిడ చదివింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. భుజాలు కదిలిపోతున్నాయి. "దీనికి ఆయన ఏం చెప్పారు?"

"నిప్పు కాపాడిన వంశమని."

"నమ్మారా?"

"ఇరవై రెండేళ్ళు. ఇవాళ పొద్దుటి దాకా."

ఈసారి ఆవిడ పైకే నవ్వింది. తర్వాత అంది, "నేను మాత్రం నిన్న ఒక్క ముక్క నమ్మలేదమ్మా. కానీ నా ఇంటిపేరు విని ఒక మనిషి లేచి నిలబడటం అదే మొదటిసారి."

నా తల ఇంకా కిందికి దిగింది.

"సాయంత్రం వస్తాను. ఆ తాడు పట్టుకున్నావిడ చివరికి ఒడ్డెక్కిందో లేదో మీరు విననివ్వలేదు," అంది.

అన్నమాట ప్రకారం వచ్చింది. బాబాయి లేచి నిలబడి, పూర్వీకురాలిని ఒడ్డెక్కించి, ఊరంతా ఆమెకి ఇంటిపేరు సమర్పించేదాకా ఊపిరి తీసుకోలేదు. ఆవిడ బుగ్గన చెయ్యి పెట్టుకుని మొత్తం విని, నా వైపు తిరిగింది.

"మీ పుస్తకం ఏమంటుందమ్మా?"

బాబాయి ఉలి గాల్లోనే ఆగిపోయింది.

"మా పుస్తకంలో తప్పు పడిందండీ," అన్నాను. "దిద్దుతున్నాం. బాబాయి చెప్పిందే సరైనది."

జీవితంలో మొదటిసారి ఆధారం లేని మాట చెప్పాను. అదీ తడబడుతూ. ఆవిడ మాత్రం గంభీరంగా తలూపి, రెండక్షరాలూ రేకు నిండా పెద్దగా వేయమంది.

ఆవిడ మలుపు తిరిగేదాకా బాబాయి వీధిలోకి చూస్తూ నిలబడ్డాడు. తర్వాత నా వైపు తిరిగి పెదవి విరిచాడు.

"నీళ్ళు నమిలావేంటమ్మా? నిన్న నిజానికి అన్ని పేజీ నంబర్లు చెప్పావు, అబద్ధానికి ఒక్కటైనా చెప్పొద్దూ?"

"అలవాటు లేదు బాబాయ్."

"చెయ్యి తిరగాలి మరి," అని పక్కనున్న స్టూలు మీది ఇత్తడి పొడి తన చొక్కా అంచుతో తుడిచి నా వైపు జరిపాడు. "రేపటి నుంచి ఆఫీసవగానే ఇక్కడికొచ్చి కూర్చో."