వేలి మీది అచ్చు

ఇస్త్రీ దుకాణంలో ఏళ్ల తరబడి వేడి బట్టలు మడతపెట్టి ఆమె వేలికొసలు మొద్దుబారిపోయాయి. క్లారినెట్ రంధ్రం పూర్తిగా మూసుకుందో లేదో వాటికి తెలియదు. అందుకే ఊదిన ప్రతిసారీ చేతులు తిప్పి చూసుకుంటుంది. సరిగ్గా మూసిన వేలి మీద రంధ్రం అంచు గుండ్రంగా అచ్చుపడుతుంది. ఉంగరం వేలి మీద సగమే పడుతోంది. అక్కడే గాలి జారిపోయి వాయిద్యం కీచుమంటోంది. ఆ క్లారినెట్ చనిపోయిన అన్నయ్య వాయించినది, బ్యాండు వాళ్లది. రంధ్రాలన్నీ మూస్తేనే పలికే అట్టడుగు స్వరం ఆదివారంలోగా పలికించకపోతే తిరిగి ఇచ్చెయ్యమన్నాడు బ్యాండు మాస్టారు.

"పిల్లి తోక తొక్కావా ఏంటమ్మాయ్?" అంది వంటింట్లోంచి వదిన. "మీ అన్నయ్యా మొదట్లో ఇంతే. పక్కింటివాళ్లు కిటికీలు మూసుకునేవాళ్లు." ఆమె నవ్వలేదు. అన్నయ్య పోయిన రోజు ఏడవనూ లేదు. మోచెయ్యి కాస్త దించి మళ్లీ ఊదింది. ఆ అట్టడుగు స్వరం లావుగా, వణుకు లేకుండా, గదంతా పరుచుకుంది. వంటింట్లో గిన్నెల చప్పుడు ఆగింది. చెయ్యి తిప్పి చూసుకుంటే ఉంగరం వేలి మీద నిండు గుండ్రం. వదిన తడిచేతులతోనే వచ్చి ఆ వేలు పట్టుకుంది. "నొప్పిగా ఉందా?" అని అడిగింది. "ఏమీ తెలీడం లేదు వదినా." అచ్చు మెల్లగా చెరిగిపోయేదాకా వదిన ఆ వేలు పట్టుకునే ఉంది.