మగ్గం చప్పుడుకు ఒక వర్ణం

పొద్దున ఆరున్నరకు గుంతకల్లులో ప్యాసింజరు ఎక్కాను. సంచిలో ట్రైపాడు, చార్జర్లు, సగం చదివిన నవల. ఆదోనిలో మా వాసుమామను కలుపుకొని ఎమ్మిగనూరు పోవాలి, ఆయన సినిమాకు చివరి దృశ్యం తీయాలి.

మామ వయొలిన్ పాఠాలు చెప్పి బతికినవాడు. నాలుగేళ్ల కిందట పార్కిన్సన్స్ అన్నారు. చెయ్యి వణుకుతుంది, కాళ్లు ఉన్నట్టుండి నేలకు అతుక్కుంటాయి. దాచుకోవడం విసుగెత్తి, ఏడాదిగా తన రోజులను ఫోనులో సినిమాగా తీయిస్తున్నాడు: చొక్కా గుండీ పెట్టుకోవడం, టీ ఒలకడం, పాఠం మధ్యలో కమాను తీగ మీద ఆగిపోవడం. కెమెరా పని నాది. దాని వెనక ఉంటే నన్నెవరూ మాట్లాడమనరు. ఆ పని నాకు నచ్చింది.

"ఒక్క వర్ణమైనా మొదటి నుంచి చివరిదాకా వాయించాల. లేకుంటే ఇది సినిమా కాదు, ఆసుపత్రి రిపోర్టు" అన్నాడు మామ. ఆ ఒక్కటీ నెలలుగా కుదరలేదు.

ఆదోని స్టేషను బయట బొరుగులు తాలింపు వేసి చేసే ఉగ్గాని, మిరపకాయ బజ్జి తిన్నాం. ఇటు వచ్చేవాళ్లు అది తినకుండా కదలకండి. తొమ్మిది దాటాక పల్లెవెలుగు బస్సు దొరికింది. మెట్టు దగ్గర మామ కాళ్లు ఆగిపోయాయి. వెనక గంప పట్టుకున్న అవ్వ తొందరపడింది.

"పొద్దున్నే తాగొచ్చినావా ఏమప్పా? ఎక్కు!"

"తాగింటే బాగుండు అవ్వా. మత్తయితే దిగిపోయేది."

అవ్వ ఆయన చెయ్యి చూసింది. గంప పక్కన పెట్టి, రెక్క పట్టుకొని ఎక్కించింది. "ముందే సెప్పొచ్చు గదా నాయనా" అని మళ్లీ తిట్టింది. ఆడవాళ్లకు ఉచితం కాబట్టి ఆధార్ చూపిస్తే నాకు సున్నా టికెట్టు, మామకు మామూలు చార్జీ. దారి పొడుగునా పత్తి చేలు.

ఎమ్మిగనూరులో మేము పోయింది నేతవాళ్ల వీధికి. వయసులో ఉన్నప్పుడు మామ అక్కడ సరోజక్క వాళ్లింట్లో అద్దెకుండి పాఠాలు చెప్పేవాడు. అక్క మగ్గం గుంతలో కూర్చొనే పలకరించింది.

"రా సారూ! చిక్కిపోయినావే. చెయ్యి ఆడిస్తాండావు, తాళమా?"

"అది అడక్కుండా వేస్తాంది అక్కా, నేను కాదు."

ఆమె నవ్వింది, కళ్లు తుడుచుకుంది, మళ్లీ నేసింది. మామ చాప మీద కూర్చొని శ్రుతి చేసుకుంటూ ఊరికే నాలుగు ఆవర్తాలు వాయించాడు. ఇయర్‌ఫోన్లలో నేను విన్నాను. ఎక్కడా తెగలేదు.

"సినిమాకు తీద్దామా?" అన్నాడు మామ. సరోజక్క వెంటనే చేతులు దించేసి, గడప దగ్గరికి పోయి అరిచింది. "సారు వాయిస్తాడంట, మగ్గాలు ఆపండప్పా!"

అది ఆ వీధి పాత మర్యాదట. అప్పట్లో మామ సాధన గంటలో మగ్గం మోగితే కోప్పడేవాడట.

వీధి నిశ్శబ్దమైంది. మామ మొదలుపెట్టాడు. రెండో ఆవర్తంలో కమాను ఆగిపోయింది. మళ్లీ మొదలుపెట్టాడు, అక్కడే ఆగింది. మూడోసారి చెయ్యి లేవనే లేదు. వాకిట్లో నిలబడ్డవాళ్లు తలలు దించుకున్నారు.

"ఆపేయి పాపా. ఇంటికి పోదాం" అంటూ మామ వయొలిన్‌ను పెట్టెలో పెట్టేశాడు.

నేను కెమెరా ఆపలేదు. అంతమంది ముందు నా గొంతు నాకే కొత్తగా వినిపించింది.

"అక్కా, మగ్గం ఆపొద్దు. నేయండి."

"సారు పాటలో టకటకలా? తప్పు పాపా."

"ఇందాక మగ్గం ఆడుతుంటేనే చెయ్యి ఆడింది. డాక్టరు కూడా లెక్క పెట్టుకుంటూ నడవమన్నాడు. మామకు పక్కన ఒక తాళం కావాలి."

సరోజక్క మామ వైపు చూసింది. ఆయన పెట్టె తెరిచాడు. ఆమె గుంతలో దిగింది. టక్కు, టక్కు. పక్కింటి మగ్గం కూడా అందుకుంది. మామ పాదం కదిలింది, తర్వాత కమాను. పల్లవి దాటింది, చరణం దాటింది. వణుకు పోలేదు, వణుకుతూనే చెయ్యి ముందుకు పోయింది. చివరి స్వరం పడ్డాక కూడా మగ్గం రెండు దెబ్బలు వేసి ఆగింది.

"ఆ రోజుల్లో మా మగ్గాన్ని గోల అంటివి. ఇప్పుడు పక్కవాద్యం చేసుకుంటివి" అంది సరోజక్క.

"బుద్ధి లేట్‌గా వచ్చినాది అక్కా" అన్నాడు మామ. ఆయన అంత గట్టిగా నవ్వడం నేను చూసి చాన్నాళ్లయింది.

ఆమె పెట్టిన జొన్నరొట్టె, గుత్తివంకాయ తిని నాలుగు గంటల బస్సు ఎక్కాం. మామ ఒక ఇయర్‌ఫోను పెట్టుకొని అంతా విన్నాడు.

"మధ్యలో నీ గొంతు పడింది. తీసేస్తావా?"

ఉదయమైతే తీసేసేదాన్ని. "ఉండనీ మామా" అన్నాను.

ఆదోనిలో దిగేటప్పుడు మెట్టు మీద ఆయన కాళ్లు మళ్లీ ఆగాయి. వెనక జనం. ముందే దిగిన నేను బస్సు రేకు మీద పిడికిలితో కొట్టాను. టక్కు, టక్కు.

"ఏం పాపా, మా బస్సును మద్దెల చేస్తివి!" అన్నాడు కండక్టరు.

"మా మామ దిగేదాకా ఇంతే అన్నా" అన్నాను, కొట్టడం ఆపకుండా. మామ దిగాడు.