మామ తీసిన వరద

పెళ్లయి గద్వాలకు వచ్చిన మొదటి ఎండాకాలం నుంచే ఆ ఇంట్లో నన్నొక భయం పట్టుకుంది. మా మామ బతికున్నప్పుడు ఊరూరా డేరా వేసి మూగ సినిమాలు ఆడించేవాడట. చేత్తో తిప్పే కెమెరా ఒకటి సంపాదించి, ఒక ఏడు కృష్ణ పొంగితే ఆ వరదను తీశాడు. ఆ రీళ్ల డబ్బాలు వంటింటి పక్క గదిలో ఉండేవి.

"ఆడికి నిప్పు తీస్కపోకు. గీ రీలు అంటుకుంటే నీళ్లకు గూడ ఆరది" అని నా భర్త ముందే చెప్పాడు. ఆయన టూరింగ్ టాకీసులో మిషను నడిపేవాడు. ఆయన ముంజేతి మీది కాలిన మచ్చ చూశాక ఆ మాట నమ్మాను. పొయ్యి ముట్టించిన ప్రతిసారీ ఆ గోడ వైపు చూసేదాన్ని.

యుద్ధం ముగిసిన ఏడాది మద్రాసు సినిమా కంపెనీ నుంచి ఒకాయన వచ్చాడు. వాళ్ల కొత్త సినిమాకు వరద కావాలట. మా రీళ్లు శుభ్రం చేసి, తెగినచోట అతికించి, కొత్త రీలు మీదికి నకలు తీసుకుంటామన్నాడు.

అత్తమ్మ ఒప్పుకుంది. "ఆయన చేతిపని నలుగురు జూస్తరు. తీస్కపోనియ్యి."

వసారాలో చాప పరిచి డబ్బాలు తెరిచారు. ముక్కు మండేంత ఘాటు. చాలా రీళ్లు బాగానే ఉన్నాయి. ఒకటి మాత్రం పాకంలా అతుక్కుపోయి, అంచుల్లో గోధుమరంగు పొడి రాలుతోంది. మద్రాసాయన ముఖం మారిపోయింది.

"అమ్మా, ముందు పొయ్యి ఆర్పండి. ఇది అంటుకోవడానికి ఈ ఎండ వేడే చాలు."

నేను పొయ్యిలో నీళ్లు గుమ్మరించి వచ్చేసరికి ఆ డబ్బా మూత కింద నుంచి పసుపుపచ్చటి పొగ వస్తోంది. మంచి రీళ్లు ఒళ్లో పెట్టుకుని అత్తమ్మ దాని పక్కనే కూర్చుంది.

"అత్తమ్మా, లెవ్వుండ్రి!"

"ఇవి ఇడిసిపెట్టి యాడికి పోను?"

నా భర్త ఆమెను రీళ్లతో సహా ఎత్తుకుని వాకిట్లోకి పరుగెత్తాడు. డబ్బాకు దగ్గరగా ఉన్నది నేనే. తడి గోనెసంచి చుట్టి దాన్ని ఎత్తి వీధిలోకి విసిరాను. నేల తాకగానే భగ్గుమంది. పక్కింటివాళ్లు బిందెలకొద్దీ నీళ్లు పోశారు. నీళ్ల కింద కూడా అది మండుతూనే ఉంది.

"పొగ పీల్చకండి, దూరం జరగండి!" అని మద్రాసాయన అరుస్తున్నాడు.

మిగిలిన రీళ్లను ఆ సాయంత్రం ఖాళీ ధాన్యపు పాతరలో చల్లగా దాచి, తెల్లారి ఆయన వెంట పంపాం. ఇల్లు తేలికపడింది కానీ, పొయ్యి ముట్టిస్తూ ఆ గోడ వైపు చూడటం చాన్నాళ్లు మానలేదు.

ఆ సినిమా ఆడినప్పుడు రైలెక్కి కర్నూలు పోయి చూశాం. కథలో ఎవరో ఊరు కొట్టుకుపోయే చోట మా వరద వచ్చింది. ఎర్రటి నీళ్లని మాకు తెలుసు; తెర మీద నల్లగా, నేరుగా మన మీదికే వస్తున్నట్టు ఉన్నాయి. అత్తమ్మ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.

"గంత దగ్గర నిలబడ్డడా మీ మామ? నాకు చెప్పనే లేదు" అంది.