గెలిచే కండువా

గనిలో కాలుజారి పడినప్పటి నుంచి మా ఆయన నడుము వంగదు. డ్యూటీకి వెళ్లే ముందు బూట్ల తాళ్లు నేనే కడతాను. మూడేళ్ల పాప కూడా పక్కన కూర్చుని కాళ్లు చాపుతుంది. గనిలోకి దిగే పని తప్పించి, పైన తేలిక పని ఇమ్మని దరఖాస్తు పెట్టుకున్నాం. ఎన్నికల్లో గెలిచిన గుర్తింపు సంఘం వెంటపడితేనే ఇలాంటి కాగితాలు కదులుతాయని గోదావరిఖనిలో అందరూ అంటారు. అందుకే మొన్నటి కార్మిక సంఘం ఎన్నికలు మా ఇంట్లోకీ వచ్చాయి.

పేరుకు చాలా సంఘాలున్నా గెలిచేది రెండు పెద్దవాటిలో ఒకటే. మా ఆయన మనసు మాత్రం ఓ చిన్న సంఘం మీద ఉండేది. దాన్ని నడిపే ముసలాయన్ని అందరం కాక అంటాం, మా పక్క క్వార్టర్ల లైనులోనే ఉంటాడు. మా ఆయన గనిలో పడ్డ రోజు దవాఖానలో పొద్దుగూకేదాకా బల్ల మీద కూర్చున్నది కాకే, దరఖాస్తు రాసిందీ కాకే.

కాకకు వేస్తే ఓటు మురిగిపోతుందన్నాను నేను. డిగ్రీ చదివినదాన్ని కదా, ఏ సంఘం మీటింగుకు జనం ఎక్కువ వస్తున్నారో వాకబు చేసి, గెలిచేదెవరో తేల్చాను. నా మాట విని, షిఫ్టుకు ముందు గని గేటు దగ్గర మా ఆయన ఆ సంఘం కండువా కప్పించుకున్నాడు. ఇక్కడ కండువా అంటే నలుగురి ముందు ఇచ్చిన మాట. ఆ ఫోటో సాయంత్రానికి కాలనీ ఫోన్లన్నిటికీ చేరింది.

కొద్ది ఓట్ల తేడాతో రెండో పెద్ద సంఘంవాళ్లు గెలిచారు. గొడవ జరిగింది, మళ్లీ లెక్కపెట్టారు, ఫలితం మారలేదు. దాదాపు సగంమంది ఓడినవైపే ఉన్నా, ఇక మా తరఫున అడిగేవాళ్లు లేరు. గెలిచినవాళ్ల దగ్గరికి మా ఆయన కాగితం పట్టుకుపోతే, దాన్ని ముట్టుకోకుండానే ఒకతను, "ఏందన్నా, కండువ రంగు గప్పుడే ఎలిసిందా?" అన్నాడట.

నిన్న కాక కొత్త దరఖాస్తు రాసి తెచ్చాడు. మా గనిలో కాకకు పడిన ఓట్లు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. చాయ్ ఇస్తూ, మీకు వెయ్యొద్దన్నది నేనేనని చెప్పేశాను.

"ఎరుకే బిడ్డా. నా కొడుకే నాకెయ్యలే. మా కోడలు సుత నీ లెక్కనే లెక్కేసింది," అన్నాడు. చాయ్ తాగి లేస్తూ, "గీ కాగితం నేనిస్తే తీసుకోరు. అయినా ఇచ్చి వస్త," అన్నాడు.

అన్నట్టే వాళ్లు తీసుకోలేదు. ఈ రోజు కూడా బూట్లు కట్టి పంపాను. మళ్లీ ఎన్నికలకు ఏళ్లు పడుతుంది. ఆ నడుము అన్నాళ్లు ఆగుతుందా అన్నదే నా ఫికర్.