సాంచెల చప్పుడులో ఓడిన దయ్యం

నిన్న సిరిసిల్లలో ఓ సందులోంచి నడుస్తుంటే సాంచెల చప్పుడు, అదే మరమగ్గాల చప్పుడు, వినపడింది. వెంటనే నా వేళ్లు కీబోర్డు మీదున్నట్టు కదిలాయి.

మన ఈడు వాళ్లకు కంప్యూటర్లో ఆడిన ఆ జైలు ఆట గుర్తుండే ఉంటుంది. చీకటి గదులు, తాళాలు, వెనకాల గొలుసు ఈడ్చుకుంటూ వచ్చే జైలర్ దయ్యం. మీరంతా రెండో తలుపు దగ్గరే కుర్చీ వదిలి ఉరికారు. చివరి గేటు దాటింది నేనొక్కదాన్నే. ఎలాగో ఇప్పుడు చెప్తున్నా.

మా పాత కంప్యూటర్ బాపు బట్ట నేసే మరమగ్గాల గదిలో ఉండేది. కీల మధ్య ఎప్పుడూ దూది నుసి. సాంచెలన్నీ ఒక్కసారి కొడుతుంటే స్పీకర్ ఉన్నా లేనట్టే. ఆ గొలుసు చప్పుడు నేనెన్నడూ వినలేదు. తెర మీద దయ్యం నీడ కనపడగానే ఆటలోని మంచం కింద దూరేదాన్ని, అంతే.

చివరి గేటు ముందుండగా బాపు చాయ్ తాగడానికి సాంచెలు ఆపాడు. అప్పుడు మొదటిసారి వినపడింది, నా వెనకే గొలుసు, బరువైన ఊపిరి. తెర మీంచి కళ్లు తీయకుండానే అరిచాను.

"బాపూ, సాంచెలు నడుపు!"

"ఏమైంది బిడ్డా? జర చాయ్ తాగనియ్యవా?"

"దయ్యం ఎనకనే ఉన్నది. జల్ది!"

బాపు గ్లాసు పక్కన పెట్టి మోటార్లు వేశాడు. గదంతా దడదడలాడింది. గొలుసు అందులో మునిగిపోయింది. నేను గేటు దాటేశాను.

ఆ చప్పుడులో మాట వినపడదు కాబట్టి బాపు చేత్తో సైగ చేసి అడిగాడు, పోయిందా అని. పోయిందని చెయ్యి ఊపాను. అప్పుడు గానీ ఆయన చల్లారిన చాయ్ ముట్టలేదు.