ఊఁ కొట్టే అతిథి

మునిరత్నం ఏ మీటింగుకు వెళ్ళినా గెస్టుగానే వెళ్తాడు, అది కూడా పక్కవాడి ఫోనులోంచి. లోకమంతా ఖాతాలు తెరిచి, వాటికి పాస్‌వర్డులు పెట్టి, పెట్టినవి మరిచిపోయి, మరిచిపోయామని ఒప్పుకొని కొత్తవి పెట్టుకుంటూ బతుకుతున్న కాలమిది. ఆయన మాత్రం రైల్లోనో బస్సులోనో పక్కన కూర్చున్నవాడి భుజం తట్టి, "అప్పా, ఒక్క మీటింగు జూసొస్తా, ఫోనియ్యి," అంటాడు. పక్కింట్లో నాలుగు రెబ్బల కరివేపాకు అడిగినంత తేలిగ్గా అడుగుతాడు. జనం ఇస్తారు కూడా. ఎందుకిచ్చారో ఇచ్చాక వాళ్ళకే తెలియదు.

ఈ సంగతి తెలియక ఏడు వారాలుగా బుర్ర బద్దలు కొట్టుకుంటున్న మనిషి చక్రధర్. తిరుపతిలో పుస్తకాలు, పెన్నులు అమ్మే అంగడి ఆయనది. ఆ ఆదివారం పొద్దున పాకాల మీదుగా పోయే ప్యాసింజరెక్కి కిటికీ పక్కన కూర్చున్నాడు. చేయాల్సిన పని ఒకటే. పాకాలలో దిగి, శకుంతలమ్మ టీచరు ఇంటికి పోయి, "అమ్మా, మీ ఆదివారం కథ ఇంక ఆగిపోతుందేమో," అని చెప్పడం. ఫోనులోనే చెప్పేయొచ్చు. కానీ ఆరో తరగతిలో తన చెయ్యి పట్టుకుని అక్షరాలు గుండ్రంగా రాయించిన మనిషికి అలాంటి మాట ఫోనులో చెప్పడానికి నోరు రాలేదు. ఎదురుగా కూర్చుంటే వస్తుందన్న నమ్మకమూ లేదు.

ఆదివారం కథ అంటే పెద్ద విశేషమేమీ కాదు. శకుంతలమ్మకు ఎనభై దాటాయి. మూడేళ్ళుగా కళ్ళు కనిపించడం లేదు. జ్ఞాపకంలో ఉన్న కథలను వారానికో గంట, పదకొండు నుంచి పన్నెండు దాకా, వీడియో మీటింగులో చెబుతుంది. పక్కింటి అక్కమ్మ వచ్చి ఫోను పోపుల డబ్బాకు ఆనించి, మీట నొక్కి పోతుంది. మిగతా ఏర్పాట్లన్నీ చక్రధర్‌వి. మొదట్లో నలభై మంది వచ్చేవారు. ఇప్పుడు తెరమీద అయిదు నల్ల పెట్టెలు మిగిలాయి. మైకులు బంద్, కెమెరాలు బంద్. లోపల మనుషులున్నారో, ఫోను మంచం మీద పెట్టి మార్కెట్టుకు పోయారో చెప్పడం కష్టం.

అలాంటి రోజుల్లో తెరమీద ఒక మాట కనిపించింది. "ఏర్పేడు టీ అంగడి కాడ వేచి ఉన్నారు. లోపలికి రానివ్వాలా?"

ఎవరో తమాషాకు పేరు అలా పెట్టుకున్నారని చక్రధర్ రానిచ్చాడు. మరుసటి వారం "చంద్రగిరి కోట గేటు" వచ్చింది. ఆ మరుసటి వారం "పాకాల రెండో ప్లాట్‌ఫారం". చక్రధర్ పొంగిపోయి, జిల్లా నలుమూలల నుంచీ శ్రోతలు వస్తున్నారని ఈ మీటింగు నడిపించే కమిటీకి రాసిపెట్టాడు.

చిక్కంతా ఆ నలుమూలలూ ఒకే గొంతుతో "ఊఁ" అనడంతో వచ్చింది.

అప్పుడు శకుంతలమ్మ చెబుతున్నది రాజుగారి మీద అలిగి పారిపోయిన మీసం కథ. "మీసం కోట దిగి బయటికొచ్చింది," అంటుంది ఆమె. "ఊఁ," అంటుంది ఏర్పేడు టీ అంగడి. "అటు చూసింది, ఇటు చూసింది." "ఊఁ." చక్రధర్‌కు ఒళ్ళు మండి మైకు మూసేశాడు. మీటింగుల్లో వినేవాళ్ళు నోరెత్తకూడదన్నది ఆయన నేర్చుకున్న మొదటి నియమం. నిమిషం తిరక్కుండా ఆ గెస్టు బయటికి పోయి, మళ్ళీ వాకిట్లో నిలబడ్డాడు. రానిస్తే మళ్ళీ "ఊఁ".

అంతటితో అయిందా? ఆ గెస్టుకు ఫోను తిరిగి ఇచ్చేటప్పుడు బయటికి పోయే ఎర్రమీట నొక్కే అలవాటు లేదు. కథ మధ్యలో ఫోను దాని యజమానికి ఇచ్చేసి దిగిపోతాడు. ఆ యజమానికి తన ఫోను ఇంకా మీటింగులో ఉందని తెలియదు. అలా ఒక వారం ఎవరో గడ్డం చేయించుకోవడం మొదటి నురగ నుంచి చివరి పటిక దాకా అందరూ చూశారు. ఇంకో వారం మీసం అడవిలో ఏడుస్తుండగా ఎవరో గట్టిగా, "ఉప్పే లేదు గదే దీంట్లో!" అని అరిచాడు. సాంబారు గురించి. శకుంతలమ్మ తడుముకోకుండా, "నిజమే నాయనా, ఈ తావ కథ కొంచెం చప్పగానే ఉంటాది. ఉండు, ఒక పులిని తెస్తా," అని అప్పటికప్పుడు పులిని తెచ్చింది.

కమిటీ అధ్యక్షుడు గోవిందయ్య రిజిస్ట్రారు ఆఫీసులో ముప్పై ఏళ్ళు పనిచేసి వచ్చిన మనిషి. దస్త్రంలో ఎక్కని మనిషి అసలు పుట్టనట్టే లెక్క ఆయనకు. "ఎవరయ్యా వీళ్ళు? మనిషి పేరు లేదు, అంతా ఊళ్ళపేర్లే! ఖాతా ఉన్నవాళ్ళే లోపలికి రావాల. లేదంటే మీటింగు మూసేయ్," అన్నాడు. గెస్టుల్ని ఆపితే మిగిలేది అయిదు పెట్టెలు. అయిదు పెట్టెలకు మీటింగెందుకని ఆ తర్వాతి మాట. అదీ చక్రధర్ ప్రయాణానికి కారణం. తాను రైల్లో ఉంటాడు కనుక వాకిలి కాపలా భార్య రూపశ్రీకి అప్పగించి, "ఈ రోజు నుంచి గెస్టుల్ని రానీయొద్దు," అని గట్టిగా చెప్పి వచ్చాడు.

చంద్రగిరిలో ఒక పెద్దాయన ఎక్కి పక్కన కూర్చున్నాడు. తెల్ల పంచె, భుజాన సంచి, సంచిలోంచి తొంగిచూస్తున్న నూనెడబ్బా. ఊరూరా తిరిగి కుట్టుమిషన్లు బాగుచేసే మనిషినని, పేరు మునిరత్నమని, అడగకుండానే చెప్పాడు. రైలు కదలగానే భుజం తట్టాడు.

"అప్పా, పదకొండయిందా?"

"రెండు నిమిషాలుంది."

"అయితే ఫోనియ్యి. ఒక్క మీటింగు జూసొస్తా."

"మీకేం మీటింగు?"

"నాదెందుకైతాది? ఆయమ్మది. పిలిస్తే పోయేవాణ్ణి నేను." జేబులోంచి నాలుగు మడతల కాగితం తీసి, కళ్ళకు దూరంగా పట్టుకుని, లింకు ఒక్కొక్క అక్షరమే చదవడం మొదలుపెట్టాడు. రెండొందల మందికి తాను పంపిన లింకు చక్రధర్‌కు కంఠతా వచ్చు. నాలుగో అక్షరానికి వేలు ఆగిపోయింది.

"ఈ కాగితం మీకు యాడిది?"

"పాకాల లైబ్రరీ గోడమింద అతికించిండారు. సూసి రాసుకున్నా. అందరూ ఆహ్వానితులే అని రాసింది అప్పా, గుండ్రంగా! ఏం చేతిరాతనుకున్నావు!"

అది చక్రధర్ రాసిందే. ఆ చేతిరాతను టీచరు తర్వాత పొగిడిన మొదటి మనిషి ఆయనే. చక్రధర్‌కు కోపం తెచ్చుకోవాలో వద్దో అర్థం కాలేదు. "నా ఖాతాలోంచి పోండి. ఒక్క నొక్కుడు," అన్నాడు.

"అదెట్ల? మీ పేరుతో నేను పోతే మీరొచ్చినట్టుంటాది. వినేది నేనైతే పేరు మీకెందుకు?"

అదీ నిజమే. ఖాతా లేని దారిలోనే వెళ్ళారు. పేరు రాయమని గడి వచ్చింది.

"చంద్రగిరి దాటినాక, అని రాయి."

"అది పేరా?"

"పేరు ఎవురిక్కావాలప్పా? వాకిట్లో నిలబడితే ఈ సీమలో ఎవురైనా ముందడిగేది యాడినుంచొచ్చినారనే గదా!"

ఇది చిత్తూరు సీమలో ఎవరూ కాదనలేని మాట. మంచినీళ్ళు ఇచ్చి, ఊరు అడిగి, ఆ ఊళ్ళో తమకు తెలిసిన ముగ్గురి క్షేమం కనుక్కున్న తర్వాతే ఇక్కడ మనిషి పేరు దాకా వస్తారు. ఒక్కోసారి పేరు దాకా రాకముందే భోజనం అయిపోతుంది. మీటింగు కనిపెట్టినవాళ్ళకు ఈ మర్యాద తెలియకపోతే తప్పు మునిరత్నానిది కాదు.

మీట నొక్కగానే తెరమీద, లోపలివాళ్ళకు చెప్పామని, కాసేపు ఆగమని కనిపించింది. మునిరత్నం వంగి చెప్పులు విప్పి సీటు కిందికి తోశాడు.

"చెప్పులెందుకు?" అన్నాడు చక్రధర్.

"లోపలికి పోతాండాం గదా."

ఒక నిమిషం గడిచింది. రెండు గడిచాయి. వందలమందిని లోపలికి రానిచ్చిన చక్రధర్ బయట నిలబడటం అదే మొదటిసారి. ఆ చిన్న చక్రం తెరమీద తిరుగుతూనే ఉంది.

"ఈ రోజు తీయరేమో," అన్నాడు నసుగుతూ.

"తీస్తాడప్పా. తలుపు తీసేవాడు పుణ్యాత్ముడు. ఒక్క వారం గూడా కాదన్లేదు. లోపల ఇంకొకడుండాడు, నోరు మూసేవాడు. ఊఁ అంటే సాలు, టప్పుమని మూస్తాడు. వాడితోనే వచ్చింది తంటా."

"ఇద్దరూ ఒకరే అయ్యుంటారేమో."

"ఛ! ఒకే మనిషి రమ్మని తలుపు తీసి, వచ్చినాక నోరు మూస్తాడా? అట్లాటోడుంటే ముందు ఆస్పత్రిలో సూపించాల."

చక్రధర్ కిటికీలోంచి బయటికి చూశాడు. బయట మామిడితోటలు తప్ప సాయానికి ఎవరూ లేరు. "అసలు ఊఁ అనడం ఎందుకు పెద్దాయనా? గమ్మున వినొచ్చు గదా," అన్నాడు.

మునిరత్నం మొదటిసారి ఆయన వైపు జాలిగా చూశాడు.

"మిషను బాగుజేసేదానికి ఆయమ్మ వీధికి పోయింటి. కిటికీలోంచి కనిపించింది. ఫోను ముందర కూర్చోని ఒక ముక్క చెప్తాది. ఆగుతాది. తలకాయ పక్కకు వంచి చెవి పెడతాది. ఎవురూ ఉలకరు, పలకరు. మళ్ళా ఒక ముక్క. మళ్ళా చెవి. కండ్లు కనపడని మనిషి గదప్పా, ఎదురుగా మనుషులుండారో, గోడుండాదో ఎట్ల తెలియాల? కడాకు చెయ్యి సాచి ఫోన్ని తడిమి సూసుకునింది, ఉండాదా పోయిందా అని."

"మీరు లోపలికి పోయి పలకరించకపోయినారా?"

"పిలవని ఇంటికెట్ల పోతాను? ఈడైతే అందరూ ఆహ్వానితులే అని రాసినారు గదా."

ఏడు వారాలుగా తాను టప్పుమని మూసింది ఏమిటో ఇప్పుడు చక్రధర్‌కు తెలిసింది. మీటింగు వదలకుండానే రూపశ్రీకి మెసేజి పెట్టాడు. "వాకిట్లో ఉన్నాయన్ని రానియ్."

"ఎవర్ని?" అని వచ్చింది జవాబు. "'చంద్రగిరి దాటినాక' అని ఏదో ఉంది. చంద్రగిరి దాటినాక ఏం చేయాలంట?"

"అదే. దాన్నే రానియ్."

"మీరే గదా గెస్టులు వద్దన్నారు?"

"ఇప్పుడు నేనే అంటున్నా."

"మీరు యాడుండారు?"

"చంద్రగిరి దాటినాక."

బహుశా రూపశ్రీ కాసేపు మొగుడి ఆరోగ్యం గురించి ఆలోచించి ఉండొచ్చు. తర్వాత తలుపు తెరుచుకుంది.

శకుంతలమ్మ గొంతు సన్నగా, అలిసిపోయినట్టు వినిపించింది. "...మీసం చెట్టుకింద కూర్చుంది." ఆగింది. అయిదు పెట్టెలూ నల్లగా ఉన్నాయి. "ఈ వారం ఆయన రాలేదు మాదిరుండాది. ఎవరూ లేకపోతే ఆపేస్తాలే నాయనా, వట్టి గోడకు ఎందుకు..."

"ఊఁ!" అన్నాడు మునిరత్నం.

శబ్దం పోలేదు. మైకు మూసి ఉంది. "ఊఁ! ఊఁ!" అని పెద్దాయన ఫోనును చెంపకు ఆనించి అరుస్తున్నాడు. ఎదురు సీటు ఆవిడ భయపడి బిడ్డను దగ్గరికి లాక్కుంది. చక్రధర్ మైకు మీట వెతికి నొక్కాడు. తన చేత్తో మైకు తెరవడం ఆయనకు ఇదే మొదటిసారి.

"ఊఁ!"

"వచ్చినారా!" శకుంతలమ్మ గొంతు ఇరవై ఏళ్ళు వెనక్కి పోయింది. "ఆలస్యమైందే? సరే, వినండి. మీసం చెట్టుకింద కూర్చుందా?"

"ఊఁ."

"చెట్టుమీద ఒక గడ్డం ఉండాది."

"ఊఁ!"

"ఆ గడ్డం కూడా అలిగొచ్చిందే!"

"ఓయబ్బా!" అన్నాడు ఎదురు సీటు ఆవిడ మొగుడు. ఆయన ఎప్పటి నుంచి వింటున్నాడో తెలియదు.

రైలు పాకాలలో ఆగేసరికి మీసమూ గడ్డమూ కలిసి రాజుగారికి ఉత్తరం రాస్తున్నాయి. మునిరత్నం ఫోను చక్రధర్ చేతిలో పెట్టాడు. చెప్పులు తొడుక్కుని, సంచి భుజాన వేసుకుని దిగిపోయాడు. వస్తానని లేదు, పోతానని లేదు, చేతితో సైగ కూడా లేదు.

వెనకే దిగిన చక్రధర్, "పెద్దాయనా! ఒక్క మాట!" అని పిలిచాడు. తలుపు తీసేదీ నోరు మూసేదీ తానేనని చెప్పేద్దామనుకున్నాడు. ఆయన వెనక్కి తిరగలేదు. తెల్లపంచె జనంలో కలిసి వంతెన వైపు నడిచింది.

"...ఉత్తరంలో ఏం రాసినాయో తెలుసునా?" అంది చేతిలో ఫోను. అని ఆగింది. ఆ ఆగడం ఎలాంటిదో ఇప్పుడు చక్రధర్‌కు బాగా తెలుసు. అటు చూశాడు, ఇటు చూశాడు. ప్లాట్‌ఫారం నిండా జనం.

"ఊఁ," అన్నాడు. ఈసారి గట్టిగా అన్నాడు. "ఊఁ!"

"ఎవరు నాయనా, గొంతు మారిందే? ఎవరైతేనేం, వినండి," అని శకుంతలమ్మ ఉత్తరంలోని మాటలు చెప్పసాగింది.

గెస్టుల్ని ఆపమన్న గోవిందయ్య మాట ఆ ప్లాట్‌ఫారం మీదే ఎక్కడో జారిపోయింది. అది పోయిందని చక్రధర్‌కు టీచరు ఇంటి మలుపు దాకా గుర్తుకూ రాలేదు. వాక్యానికొక ఊఁ కొడుతూ స్టేషను గేటు దాటుతుండగా రూపశ్రీ మెసేజి వచ్చింది.

"'పాకాల వంతెన మెట్లకాడ' అని ఇంకొకాయన వాకిట్లో నిలబడినాడు. ఏం చేయమంటారు?"

చక్రధర్ వెనక్కి తిరిగి చూశాడు. వంతెన మెట్లమీద ఎవరో కాలేజీ పిల్ల, చేతిలో ఫోను లేకుండా, అది ఎందుకిచ్చిందో తెలియని ముఖంతో కూర్చుని ఉంది. ఆ పక్కనే మునిరత్నం వంగి చెప్పులు విప్పుతున్నాడు.