వసంత మేడం, యుద్ధమనే మాట

గంజి పెట్టిన కొత్త నూలు చీర వాసన తగిలితే చాలు, నాకు వసంత మేడం గుర్తుకొస్తారు. పోయిన ఆదివారం బెంగళూరు చిక్కపేటలో అదే జరిగింది. నా భార్య దుకాణంలో తెల్లటి పరుపు మీద కూర్చుని చీరలు విప్పించుకుంటోంది. నేను పక్కన కూర్చుని గోడకున్న టీవీ చూస్తున్నాను. కన్నడ వార్తలు వస్తున్నాయి. ఏదో ప్రభుత్వ వెబ్‌సైట్‌లోకి ఎవరో చొరబడి పిచ్చి రాతలు రాశారట. తెర అడుగున ఎర్రటి పట్టీ మీద 'సైబర్ యుద్ధ' అని పెద్ద అక్షరాలు పరిగెడుతున్నాయి. దుకాణం యజమానికి నేను చేసే పని తెలుసు. "సార్, మీరు కంప్యూటర్ల కాడ ఉండేవారు గదా. నిజంగానే యుద్ధం మొదలయిండాదా?" అని అడిగాడు. ఆయన గొంతులో కొంచెం భయం ఉంది. "యుద్ధం కాదండీ. ఎవరో గోడ మీద బొగ్గుతో రాసిపోయారనుకోండి" అన్నాను. ఆయన నెమ్మదించి మళ్ళీ చీరల్లో పడ్డాడు. కానీ ఆ జవాబు నాది కాదు. వసంత మేడం దగ్గర నేర్చుకున్నది.

ఉద్యోగం కోసం గుంటూరు నుంచి బెంగళూరు వచ్చిన కొత్తల్లో బెళ్ళందూరులోని ఒక చిన్న కంపెనీలో చేరాను. ఎవరి కంప్యూటర్లలోకైనా దొంగతనంగా ఎవరైనా జొరబడితే మా వాళ్ళు వెళ్ళి పరీక్షించేవారు. ఏం జరిగిందో, ఎలా జరిగిందో నివేదిక రాసి ఇవ్వడం మా విభాగం పని. ఆ విభాగానికి పెద్ద వసంత మేడం. అద్దాల గోడల ఆఫీసులో అందరూ జీన్స్ ప్యాంట్లతో తిరుగుతుంటే ఆవిడ ఒక్కరే గంజి పెట్టిన నూలు చీరలో చెప్పుల చప్పుడు లేకుండా నడిచి వచ్చేవారు. పుట్టింది చిక్కపేటలోనే. తాతల కాలంలో హిందూపురం వైపు నుంచి వచ్చి బట్టల వ్యాపారంలో స్థిరపడిన కుటుంబం. భర్త సైన్యంలో సిగ్నల్స్ విభాగంలో హవల్దారు. ఆయనతో పాటు ఊళ్ళు తిరుగుతూనే కంప్యూటర్ చదువు పూర్తి చేసి, ఆయన పదవీ విరమణ తర్వాత ఇటు వచ్చారు. ఇంగ్లీషులో ఎంత గట్టిగా రాసేవారో, మాట్లాడేటప్పుడు అంత మెత్తటి తెలుగు. అందులో సగం కన్నడం.

నేను రాసిన మొదటి నివేదిక ఒక ఇంజనీరింగ్ కాలేజీ గురించి. ఆ కాలేజీ వెబ్‌సైట్ మొదటి పేజీలో ఎవరో పరదేశపు జెండా బొమ్మ పెట్టి, కింద నాలుగు తిట్లు రాశారు. నేను ఉత్సాహం కొద్దీ 'కళాశాలపై సైబర్ యుద్ధం' అని పెద్దగా శీర్షిక పెట్టాను. అప్పట్లో పత్రికలన్నీ ఆ మాటే వాడుతున్నాయి. వాడకపోతే నా పని తెలియనివాణ్ణనుకుంటారేమో అనిపించింది. వసంత మేడం తన బల్ల దగ్గరికి పిలిచి పక్కన కుర్చీ చూపించారు.

"కూర్చో శ్రీధరప్పా. ఆ కాలేజీలో ఎవరికన్నా దెబ్బ తగిలిండాదా?"

"లేదండీ."

"పరీక్షలు నిలిచిపోయినాయా? పిల్లోళ్ళ మార్కులు పోయినాయా?"

"లేదండీ. ఆ ఒక్క పేజీయే. గంటలో సరిచేశారు."

"ఎవరు చేసినారో తెలిసిందా?"

"జెండా ఉంది కదండీ..."

ఆవిడ నవ్వలేదు. "జెండా అంగట్లో దొరుకుతుందప్పా. ఎవరైనా కొనుక్కోవచ్చు. ఎవడో గోడ మీద బొగ్గుతో రాసి పరిగెత్తినాడు. వీళ్ళు తుడుచుకున్నారు. దీనికి యుద్ధమని పేరు పెడితే, రేపు నిజంగా యుద్ధమొస్తే ఏం పేరు పెడతావు?"

శీర్షిక మార్చి తెచ్చాను. నిజం చెప్పాలంటే ఆ రోజు నాకు మనసొప్పలేదు. ఒక మాట మీద ఇంత పట్టుదల ఎందుకో అర్థం కాలేదు.

అది అర్థం కావడానికి చాలా నెలలు పట్టింది. ఒక మధ్యాహ్నం భోజనాల దగ్గర ఆవిడే చెప్పారు. ఆవిడ డబ్బాలో రాగి సంగటి, ఊరుబిండి పచ్చడి ఉన్నాయి. తింటూ తింటూ, వాతావరణం గురించి మాట్లాడుతున్నట్టుగా చెప్పుకుపోయారు. భర్తతో సరిహద్దు ఊళ్ళో క్వార్టర్స్‌లో ఉన్నప్పుడు కొన్ని వారాల పాటు కాల్పులు జరిగాయట. పొద్దు గుంకితే దీపం వెలిగించకూడదు. కిటికీలకు నల్లగుడ్డ కట్టి, చీకట్లో తడుముకుంటూ పాపకు పాలు కాచేవారట. "పక్కింటామె మంచిది. ఒక పొద్దున నాకు చెంబుతో మజ్జిగ ఇచ్చి పోయింది. అదే దినం మధ్యాహ్నానికి ఆమె మొగుడు లేడు. చెంబు తిరిగియ్యడానికి పోవాలంటే నాకు కాళ్ళు రాలేదప్పా. దాన్ని యుద్ధమంటారు." అంతే. ఆ తర్వాత డబ్బా మూత పెట్టి చేయి కడుక్కోవడానికి లేచారు.

కొత్తగా తెలిసినవాడికి ఉండే అత్యుత్సాహం నాకూ పట్టుకుంది. సైబర్ యుద్ధమన్నదే లేదని, అది టీవీల వాళ్ళు పుట్టించిన మాటని ఎదురుపడిన వాళ్ళందరికీ చెప్పడం మొదలుపెట్టాను. ఒక సమావేశంలో ఆవిడ ముందే అలా అన్నాను. బయటికొచ్చాక కారిడార్‌లో ఆపారు.

"నేను ఎప్పుడు చెప్పినాను, లేదని?"

"మీరే కదండీ, యుద్ధమని రాయొద్దన్నారు?"

"ఆ కాలేజీకి వద్దన్నాను. మాట చెడ్డది కాదప్పా. ఒక దేశం ఇంకో దేశం మీదికి పోతాది. అటుపక్క సైన్యం కదులుతా ఉంటే, ఇటుపక్క ఇంకొందరు కూర్చొని కంప్యూటర్ల మీద నుంచే కరెంటు ఆపుతారు, ఫోన్లు ఆపుతారు, ఆసుపత్రి ఆపుతారు. దానికేం పేరు పెడతావు? దొంగతనమంటావా? అది యుద్ధమే. అప్పుడు భయపడి వేరే మాట రాస్తే నేను ఊరుకోను." నడవబోయి మళ్ళీ నా వైపు తిరిగి, "దొంగ దొంగే. గూఢచారి గూఢచారే. చిల్లర మాటలు రాసేవాడు చిల్లరోడే. ఒకరి పేరు ఇంకొకరికి పెడితే, తప్పు చేయనోడి నెత్తిన పడతాది" అన్నారు.

ఆవిడన్న ఆ ఆఖరి మాట నిజమై, తప్పు పేరు ఒకరి నెత్తిన పడటం ఆ మరుసటి వేసవిలో చూశాను.

సరిహద్దులో ఉద్రిక్తత ఉన్న రోజులవి. ఎక్కడ చూసినా అవే వార్తలు. అప్పుడే వైట్‌ఫీల్డ్ వైపున్న ఒక ప్రైవేటు ఆసుపత్రిలో ఒక పొద్దున కంప్యూటర్లన్నీ బిగుసుకుపోయాయి. తెర మీద డబ్బు అడుగుతూ ఒక బెదిరింపు. స్కానింగ్ ఫొటోలు తెరుచుకోవు, ఎవరికి ఏ మందు ఇవ్వాలో కనిపించదు. నర్సులు కాగితం, పెన్ను పట్టుకుని వార్డుల్లో పరిగెడుతున్నారు. వసంత మేడం, నేను అక్కడికి వెళ్ళేసరికే ఆసుపత్రి చైర్మన్ గుమ్మం ముందు టీవీ వాళ్ళతో మాట్లాడుతున్నాడు. ఇది శత్రుదేశం మన మీద చేస్తున్న సైబర్ యుద్ధమని, తమ ఆసుపత్రి ఆ యుద్ధంలో ముందు వరుసలో నిలిచిందని చెబుతున్నాడు. చూసేవాళ్ళకు ఆయన మీద గౌరవం పుట్టేలా ఉంది ఆ మాట తీరు.

అక్కడి కంప్యూటర్ల నిర్వహణ చూసేది సలీం అనే మదనపల్లె కుర్రాడు. పెళ్ళయి ఏడాది కూడా కాలేదు. మేం వెళ్ళిన రెండో రోజుకే అతని చుట్టూ ఉన్నవాళ్ళ చూపులు మారాయి. శత్రువు ఉంటే లోపల శత్రువు మనిషి కూడా ఉండాలి కదా. క్యాంటీన్‌లో అతను కూర్చున్న బల్ల దగ్గర ఇంకెవరూ కూర్చోవడం లేదు. పోలీసులు పిలిపించి ప్రశ్నలు వేశారు. ఇంటి యజమాని గది ఖాళీ చేయమన్నాడు. "మా ఆవిడ పుట్టింటికి పోయింది సార్. నేనే పొమ్మన్నాను" అని నాతో చెప్పాడు. ఆ మాట చెబుతూ కూడా సర్వర్ గదిలో వైర్లు సరిచూస్తూనే ఉన్నాడు. వసంత మేడం అతని పక్కన నిలబడి, "నువ్వు భోంచేసినావా?" అని అడిగారు. లేదన్నాడు. తన డబ్బా అతనికి ఇచ్చి, అతను తినేదాకా అక్కడే కూర్చున్నారు. ఆ రోజు కంప్యూటర్ల గురించి అతన్ని ఒక్క ప్రశ్న కూడా అడగలేదు.

మేం పరీక్షించగా తేలింది చాలా మామూలు సంగతి. స్కానింగ్ యంత్రం అమ్మిన వాళ్ళు దూరం నుంచే మరమ్మతు చేయడానికి ఒక దారి ఉంచుకున్నారు. దాని పాస్‌వర్డ్ యంత్రం కొన్నప్పటి నుంచి మార్చలేదు. మార్చే అధికారం సలీంకు లేదు, ఆ యంత్రం అతని చేతి కిందిది కాదు. దొంగలు ఆ దారినే వచ్చారు. అదే దొంగల ముఠా అదే బెదిరింపుతో ఒక బిస్కెట్ల ఫ్యాక్టరీనీ, ఇంకేదో రవాణా కంపెనీనీ దోచుకుంది. వాళ్ళకు ఏ దేశమైనా ఒకటే, తాళం వేయని తలుపు ఉంటే చాలు.

నివేదిక సిద్ధమయ్యాక మా కంపెనీ అధినేత ప్రకాశ్ గారు మమ్మల్ని గదిలోకి పిలిచారు. చైర్మన్ ఆయనకు ఫోన్ చేశాడట. "వసంతా, కారణాలన్నీ నువ్వు రాసినట్టే ఉండనీ. పైన మాత్రం సైబర్ యుద్ధమని ఉండాలంటున్నారు. అనుమానం అని రాసినా చాలట. ఒక్క మాటే కదా" అన్నారు.

"ఆ మాట రాస్తే తలుపు తెరిచి పెట్టిన తప్పు ఎవరి మీదా ఉండదు సార్. యుద్ధంలో ఎవరేం చేస్తారు? పాపం ఆసుపత్రి అంటారు. ఆ పిల్లోడు మాత్రం జీవితమంతా శత్రువు మనిషిగా ఉండిపోతాడు."

"అతని పేరు మనం ఎక్కడా రాయడం లేదు కదా."

"రాయనక్కర లేదు. యుద్ధమంటే చాలు, వాళ్ళే వెతుక్కుంటారు. వెతుక్కున్నారు కూడా."

ప్రకాశ్ గారు చెడ్డ మనిషి కాదు. "ఈ ఆసుపత్రి పని పోతే వాళ్ళ మిగతా ఆసుపత్రుల పనీ పోతుంది. నీకు తెలుసు" అన్నారు. తెలుసన్నట్టు ఆవిడ తలూపారు. తర్వాత నా వైపు తిరిగి, "శ్రీధరప్పా, నువ్వు సంతకం పెట్టొద్దు. నీకు ఇంకా ముందు చాలా ఉండాది. నా పేరు మాత్రమే ఉండనీ" అన్నారు. నేను పెడతానన్నాను. "సుమ్మనుండు, ఊరుకో" అని కసురుకున్నారు. ఆవిడ నన్ను కసురుకోవడం అదొక్కసారే.

నివేదిక 'దొంగతనం, డబ్బు కోసం బెదిరింపు' అన్న శీర్షికతోనే వెళ్ళింది. మర్నాడు ఆవిడ సలీంను వెంటబెట్టుకుని పోలీసు స్టేషన్‌కు వెళ్ళారు. నేనూ వెళ్ళాను. ఇన్‌స్పెక్టర్ అప్పటికే టీవీలో చైర్మన్ మాటలు విన్నాడు. కన్నడంలో ఆయన మొదటి ప్రశ్నే, ఇది యుద్ధం కాదా అని. ఆవిడ కుర్చీ ముందుకు జరుపుకుని, బడిపిల్లలకు చెప్పినట్టు, ఏ దారిన వచ్చారు, ఆ తాళం ఎవరి చేతిలో ఉంది, సలీం చేతిలో ఎందుకు లేదు, అన్నీ ఓపికగా చెప్పారు. ఆయన మధ్యలో రెండుసార్లు టీ తెప్పించాడు. చివరకు సలీం వైపు చూసి, ఇంటికి వెళ్ళమని, మళ్ళీ రానక్కర లేదని అన్నాడు. స్టేషన్ మెట్ల మీద ఆవిడ సలీం భుజం తట్టి, "పో, నీ పెళ్ళాన్ని పిల్చుకొని రా పో" అన్నారు.

అన్నీ చక్కబడ్డాయని చెప్పలేను. చైర్మన్ తన మాట ఎప్పుడూ వెనక్కి తీసుకోలేదు. సలీంకు ఆ ఆసుపత్రిలో నిలవడం కష్టమై హోసూరులో వేరే ఉద్యోగం చూసుకున్నాడు. మా కంపెనీకి ఆ ఆసుపత్రుల పని పోయింది. కొన్నాళ్ళకు వసంత మేడం చేతిలోంచి మా విభాగం కూడా పోయింది. ఆవిడ గొడవ పడలేదు. రాజీనామా చేసి, చిన్న చిన్న ఆసుపత్రులలో, బడులలో కంప్యూటర్లు చూసుకునే పిల్లలకు పాఠాలు చెప్పడం మొదలుపెట్టారు. వీలున్నప్పుడల్లా వెళ్ళి వెనక వరుసలో కూర్చునేవాణ్ణి. పోయిన ఏడాది గుండె జబ్బుతో పోయారు. బనశంకరి శ్మశానంలో సలీం తన భార్యతో, చిన్న కొడుకుతో వచ్చి, అంతా అయిపోయేదాకా ఎండలో నిలబడ్డాడు. వెళ్ళేముందు నా దగ్గరికొచ్చి, "ఆ దినం ఆమె నన్ను ఏం అడగల్యా సార్. అన్నం మాత్రం పెట్టింది" అన్నాడు.

ఇప్పుడు నేను వేరే కంపెనీలో అదే పని చేస్తున్నాను. ఆవిడ పోయిన కొన్ని నెలలకు, యుద్ధం జరుగుతున్న ఒక దూరదేశం నుంచి మాకు ఒక పని వచ్చింది. ఒక నగరానికి నీళ్ళిచ్చే పంపులు కంప్యూటర్ల ద్వారానే ఎవరో ఆపేశారు. వీడియో కాల్‌లోకి అక్కడి ఇంజనీరు వచ్చింది, నా వయసే ఉంటుంది. ఆమె వెనక గోడ పెచ్చులూడి ఉంది. ఏయే వివరాలు పంపాలో తను రాసుకోవడానికి సిద్ధంగా ఉంది. నేను ముందు, మీ వాళ్ళెవరికైనా దెబ్బలు తగిలాయా అని అడిగాను. ఆ మాట ఇంతవరకు ఎవరూ అడగలేదంది. ఆ తర్వాత నెమ్మదిగా చెప్పింది. బాంబులు పడి మంటలు లేచిన పొద్దునే పంపులు ఆగాయట. మంటలు ఆర్పేవాళ్ళు గొట్టాలు విప్పితే నీళ్ళు రాలేదట. ఎవరెవరు పోయారో పేర్లతో సహా చెప్పింది.

మా వాళ్ళు వారాల తరబడి పరీక్షించారు. అది బాంబులు వేసిన దేశపు సైన్యం పనేనని, వాళ్ళ ఆజ్ఞతోనే జరిగిందని సందేహం లేకుండా తేలింది. నివేదిక రాయడానికి కూర్చున్నప్పుడు మా పై అధికారి, గొడవ లేకుండా 'సాంకేతిక అంతరాయం' అని రాయొచ్చు కదా అన్నాడు. కుదరదన్నాను. ఇన్నేళ్ళ ఉద్యోగంలో యుద్ధమన్న మాటతో నా నివేదిక ఒక్కటి కూడా బయటికి వెళ్ళలేదు. ఆ రోజు మొదటి పేజీలో, మొదటి వరుసలో, సైబర్ యుద్ధం అని రాసి, కింద నా పేరు పెట్టాను.